రేవు దాటితే అమ్మమ్మగారూరు

కోటిపల్లిలో బస్సు దిగగానే మా అమ్మ సంచీ కింద పెట్టి, చెయ్యి కళ్ళకు అడ్డం పెట్టుకుని ఏటి వైపు చూసేది. పంటు మన ఒడ్డున ఉంటే పరుగో పరుగు. అవతల ముక్తేశ్వరం ఒడ్డున ఉందంటే ముప్పావుగంట ఆగాల్సిందే. అది రావాలి, ఆ ఒడ్డు జనం దిగాలి, ఈ ఒడ్డు జనం ఎక్కాలి. సైకిళ్ళు, ధాన్యం బస్తాలు, ఒక్కోసారి దూడతో సహా గేదె, అన్నీ ఎక్కాక గానీ కదిలేది కాదు. కాకినాడలో సిటీబస్సు పది నిమిషాలు లేటయితే టెన్షన్ పడిపోయే మా అమ్మ, ఆ రేవులో మాత్రం చెట్టు కింద కాళ్ళు చాపుకుని కూర్చునేది. "ఏటి గాలి తగిలిందంటే ఇంటికొచ్చేసినట్టేరా" అనేది. ఇల్లు ఇంకా ఏటవతల మూడు మైళ్ళుంది.

నాన్నగారి ఉద్యోగం కాకినాడలో. అమ్మ పుట్టిల్లు కోనసీమలో, గౌతమి గట్టును ఆనుకుని ఉన్న చిన్న ఊరు. 1980లలో సంక్రాంతికి, వేసవి సెలవులకు, శ్రావణమాసంలో ఒకసారి, ఏడాదికి మూడుసార్లు ఖాయంగా ఆ ప్రయాణం ఉండేది. రామచంద్రపురం, ద్రాక్షారామం మీదుగా కోటిపల్లి. ద్రాక్షారామంలో బస్సు ఆగితే అమ్మ కిటికీలోంచే భీమేశ్వరస్వామికి దణ్ణం పెట్టుకునేది. ఏరు దాటకుండా రోడ్డునే పోవాలంటే ఎగువన జొన్నాడ దాకా వెళ్ళి, అక్కడ వంతెన మీదుగా రావులపాలెంలో తేలి, మళ్ళీ దిగువకి రావాలి. పిల్లల్తో, సామాన్లతో అంత చుట్టు ఎవరు తిరుగుతారు?

పంటు చూడనివాళ్ళ కోసం చెప్తున్నాను. రెండు పెద్ద నావల్ని పక్కపక్కన జత చేసి, పైన అడ్డంగా బల్లలు పరిచి, చుట్టూ కమ్మీ కట్టి, ఇంజన్ పెడితే పంటు. బల్లల సందుల్లోంచి కిందకి చూస్తే నీళ్ళు పరిగెడుతుంటాయి. నేను బోర్లా పడుకుని ఆ సందుకి కన్ను ఆనించి చూసేవాణ్ణి. ఎండాకాలంలో నీళ్ళు తేటగా ఉండి, ఒడ్డు దగ్గర పడుతుంటే అడుగున ఇసుక మడతలు మడతలుగా కనిపించేది. వానాకాలం వచ్చేసరికి అదే సందులోంచి ఎర్రటి నీళ్ళు సుడులు తిరుగుతూ, నురగలు కక్కుతూ పోయేవి. అప్పుడు అమ్మ నా చొక్కా వెనకనుంచి గట్టిగా పట్టుకునేది.

వేసవిలో ఏరు సన్నబడిపోయేది. పంటు దగ్గరికి చేరాలంటే ఇసుకలో చాలా దూరం నడవాలి. కాళ్ళు కాలకుండా, దిగబడకుండా దారి పొడవునా కొబ్బరి మట్టలు పరిచేవారు. అంత ఎండలో, అంత ఇసుకలో, నడిమధ్యన పందిరి వేసుకుని నిమ్మకాయ సోడా అమ్మే మనిషి ఒకడుండేవాడు. ఆ సోడా గోళీ చప్పుడు నాకు ఇప్పటికీ వినబడుతుంది.

అవతలి ఒడ్డున తాతయ్య గొడుగు పట్టుకుని నిలబడేవాడు. ఉత్తరం అంది ఉంటే సరే, అందకపోయినా వచ్చేవాడు. సెలవులు ఏ రోజు ఇచ్చారో ఆయనకి తెలుసు.

తాతయ్య కాలవ మీద లస్కరు. లస్కరంటే లాకుల దగ్గర తలుపులెత్తడం, దించడం, గట్టు మీద తిరిగి ఎక్కడ ఊట పడుతోందో, ఎక్కడ ఎలకబొరియ పడిందో చూసుకోవడం, ఎవరి తూముకి ఎన్ని నీళ్ళు పోతున్నాయో కనిపెట్టి ఉండడం. చిన్న ఉద్యోగమే. కానీ ఊళ్ళో పెద్ద రైతు కూడా ఆయన కనిపిస్తే సైకిలు దిగి, "ఏమండీ, నీళ్ళెప్పుడొదులుతారండీ?" అని అడిగేవాడు. గోదారి గురించి నాకు తెలిసిందంతా ఆయన దగ్గర విన్నదే. పుస్తకాల్లో చదివింది ఆ తర్వాత, ఆయన చెప్పింది నిజమేనా అని చూసుకోవడానికి.

ఒకసారి రేవులో ఎడ్లబండి కోసం ఆగినప్పుడు అడిగాడు.

"ఏరా అబ్బాయ్, ఇప్పుడెక్కడున్నావ్?"

"ముక్తేశ్వరం ఒడ్డున తాతయ్యా."

"కాదెహే, లంకలో ఉన్నావ్. ఈ కోనసీమంతా కలిపి ఒక పెద్ద లంకరా. ఇటు ఏరు, అటు ఏరు, అడుగున సముద్రం."

గొడుగు మొనతో తడి ఇసుకలో గీశాడు. నాసిక్ దగ్గర త్రయంబకంలో పుట్టిన గోదావరి, ఇంచుమించు 1,465 కిలోమీటర్లు నడిచి సముద్రంలో కలుస్తుంది. పాపికొండల మధ్య ఇరుక్కుని వచ్చిన ఏరు పోలవరం దాటాక ఒళ్ళు విరుచుకుంటుంది. రాజమండ్రి దగ్గర దాన్ని అఖండ గోదావరి అంటారు. ధవళేశ్వరం దాటాక రెండు పాయలు. ఎడమ చేతి వైపు గౌతమి, కుడి చేతి వైపు వసిష్ఠ. వసిష్ఠలోంచి పి.గన్నవరం దగ్గర ఇంకో పాయ విడిపోతుంది, అది వైనతేయ. గౌతమి యానాం పక్కనుంచి, వైనతేయ ఓడలరేవు దగ్గర, వసిష్ఠ అంతర్వేది దగ్గర సముద్రంలో కలుస్తాయి. సప్తర్షులు ఏడు పాయలుగా చీల్చి తీసుకుపోయారంటారు కదా. తుల్య, ఆత్రేయ, భారద్వాజ, కౌశిక లాంటివి కొన్ని ఇప్పుడు మురుగుకాలవల్లా, పంటకాలవల్లా మిగిలాయి. కానీ కనుమ నాడు జగ్గన్నతోట తీర్థానికి, అంటే జాతరకి, వచ్చే గంగలకుర్రు ప్రభల్ని, అంటే దేవుణ్ణి నిలిపి అలంకరించిన పెద్ద వెదురు చట్రాల్ని, ఆ కౌశికలోంచే మనుషులు పీకల్లోతు నీళ్ళలో దిగి భుజాల మీద దాటిస్తారు. మొలకెత్తిన చేలల్లోంచి ప్రభ నడిచినా ఏ రైతూ కిమ్మనడు. ఏరు చిక్కిపోయిందని మర్యాద తగ్గలేదు.

తాతయ్య నన్ను ధవళేశ్వరం తీసుకెళ్ళింది 1985 వేసవిలో. బ్యారేజీ అప్పటికి కొత్తగా మెరుస్తోంది, 1982లోనే పూర్తయింది. "ఎన్ని గేట్లో లెక్కపెట్టు" అన్నాడు. ఎండలో ఎంత నడిచినా నావల్ల కాలేదు. మొత్తం 175. ధవళేశ్వరం వైపు 70, ర్యాలి వైపు 43, మద్దూరు వైపు 23, విజ్జేశ్వరం వైపు 39. మధ్యలో లంకలుండబట్టి నాలుగు ముక్కలుగా కట్టారు. పాత ఆనకట్ట కూడా అలాగే నాలుగు ముక్కలు.

ఆ పాత ఆనకట్ట గురించి చెప్పేటప్పుడు తాతయ్య గొంతు మారిపోయేది. కాటన్ దొరగారు అనేవాడు తప్ప కాటన్ అని ఎప్పుడూ అనలేదు. ఆనకట్ట లేనప్పుడు ఈ సీమ ఎట్లా ఉండేదో ఆయన వాళ్ళ తాతల నుంచి విన్నదే. అయినా కళ్ళారా చూసినట్టు చెప్పేవాడు. 1832–33 నాటి నందన కరువులో ఏటి ఒడ్డునే ఉండి గుక్కెడు గంజి లేక జనం చచ్చారు. ఆ తర్వాత ఆరేళ్ళకు, 1839 నవంబరులో, కోరంగి రేవు మీద ఉప్పెన విరుచుకుపడింది. ఓడల్ని ఊళ్ళోకి ఎత్తి పడేసింది. ఏటా నీళ్ళన్నీ సముద్రం పాలు, వరదొస్తే ఊళ్ళు ఏటిపాలు. అలాంటి చోట ఆర్థర్ కాటన్ 1847లో పని మొదలుపెట్టి 1852కి పూర్తి చేశాడు. తంజావూరు సీమలో చోళులు కట్టిన కల్లణై చూసి వచ్చిన మనిషి. అడుగున రాయి తగలకపోయినా ఇసుక మీదే కట్టొచ్చని అక్కడే నేర్చుకున్నాడు. రాళ్ళు ధవళేశ్వరం కొండవే. వీణం వీరన్న గారని మన తెలుగాయనే దగ్గరుండి కూలీల్ని సమకూర్చి, పని నడిపించాడు. కాటన్ పేరు చెప్పినప్పుడల్లా వీరన్నగారి పేరు కూడా చెప్పాలనేవాడు తాతయ్య. నేనూ అదే పాటిస్తున్నాను.

ఆనకట్ట ఒక్కటే అయితే ఏరు ఆగుతుంది గానీ చేను తడవదు. ధవళేశ్వరం దగ్గర తూర్పు డెల్టాకి, బొబ్బర్లంక దగ్గర మధ్య డెల్టాకి, విజ్జేశ్వరం దగ్గర పశ్చిమ డెల్టాకి కాలవలు బయలుదేరతాయి. మధ్య డెల్టా అంటే మా కోనసీమ. మరి వైనతేయకి అవతలున్న నగరం లంక, రాజోలు వైపు ఊళ్ళకి నీళ్ళెలా? గన్నవరం దగ్గర ఏటి మీదుగా 49 కమానుల మీద కాలవనే దాటించారు. కింద ఏరు, పైన కాలవ. తాతయ్య నన్ను అక్కడ నిలబెట్టి పైకీ కిందికీ చూపించాడు. పక్కనే కట్టిన కొత్త దానికి డొక్కా సీతమ్మ గారి పేరు పెట్టారు. ఆవిడ ఆ పక్కనే లంకల గన్నవరంలో, వందేళ్ళ కిందట, వేళాపాళా లేకుండా వచ్చినవాళ్ళందరికీ అన్నం పెట్టిన తల్లి. నీళ్ళు పెట్టే వంతెనకి అన్నం పెట్టినావిడ పేరు. ఆ పేరు పెట్టాలని ఎవరికి తోచిందో గానీ, వాళ్ళకి చేతులెత్తి మొక్కాలనిపిస్తుంది.

ఆ కాలవలే ఒకప్పుడు రోడ్లు కూడా. కాకినాడ నుంచి ఏలూరు కాలవ మీదుగా మద్రాసు దాకా పడవ మీద పోయేవారట. అమ్మమ్మ కాపురానికి వచ్చింది పడవలోనే. పెళ్ళిసారెతో పాటు ఒక టేకు పెట్టె వచ్చింది. వాళ్ళ నాన్నగారు 'రంగం' వెళ్ళి సంపాదించి తెచ్చిన పెట్టె. రంగమంటే రంగూన్. కోరంగి నుంచి, కాకినాడ నుంచి ఓడెక్కి ఎంతమంది వెళ్ళారో. మా అమ్మమ్మగారి ఊళ్ళో ఆ పెట్టెని 'రంగం పెట్టె' అనే అనేవారు. మూత తీస్తే కర్పూరం వాసన, దాని కింద ఇంకేదో పాత చెక్క వాసన. అమ్మమ్మ అందులో పట్టుచీరలు, జంతికల డబ్బా పక్కపక్కనే దాచేది.

వేసవిలో మాకు అన్నిటికన్నా పండగ కాలవ కట్టేసినప్పుడు. ఏప్రిల్‌లో నీళ్ళు ఆపేస్తారు. మొదట నీళ్ళు మోకాలి దాకా, తర్వాత మడమ దాకా, ఆపైన గుంటలు మిగులుతాయి. గుంటల్లో కొరమీనులు, జెల్లలు, ఇంగిలాయిలు. ఊరు ఊరంతా బురదలో ఉండేది. ఎండిన కాలవ అడుగున పోయిన ఏడాది ఎవరో పారేసుకున్న చెంబులు, పట్టీలు, ఒకసారైతే మా అత్తయ్య కాళ్ళ మెట్టె దొరికింది. జూన్‌లో మళ్ళీ "కాలవ వదిలారు" అని కేకలు వినబడగానే అందరం గట్టెక్కేవాళ్ళం. నీళ్ళు వస్తుంటే ముందు చప్పుడు రాదు. ఎండుటాకులు, పుల్లలు, కొబ్బరి పీచు తోసుకుంటూ ఒక సన్నటి నాలుకలా పాకుతూ వస్తుంది. దాని ముందు చీమలు పరిగెడతాయి. తాతయ్య వంగి చేత్తో ఆ మొదటి నీళ్ళు తాకి కళ్ళకద్దుకునేవాడు. అప్పటికి మా సెలవులు అయిపోవచ్చేవి.

1986 సంగతికి వస్తాను. ఆగస్టు 15 ఆ ఏడు శుక్రవారం వచ్చింది, వరలక్ష్మీవ్రతం కూడా ఆ రోజే. అమ్మ ఆ వారం మొదట్లోనే నన్ను తీసుకుని బయలుదేరింది. నాకు పదకొండేళ్ళు. కోటిపల్లి రేవులో ఏరు అప్పటికే ఎర్రగా, నిండుగా ఉంది గానీ పంటు నడుస్తోంది. మేం దాటిన మర్నాటికో ఎప్పటికో ఆపేశారు.

తాతయ్య అప్పటికి రిటైరయ్యాడు. అయినా రేడియో చెవి దగ్గర పెట్టుకునే ఉన్నాడు. భద్రాచలంలో ఎన్ని అడుగులు, ధవళేశ్వరంలో ఎన్ని అడుగులు. ధవళేశ్వరంలో 11.75 అడుగులకి మొదటి ప్రమాద హెచ్చరిక, 13.75కి రెండోది, 17.75కి మూడోది. అక్కడి పిల్లలకి ఎక్కాల కంటే ముందు ఈ అంకెలు వచ్చేవి. భద్రాచలంలో పెరిగిన నీళ్ళు ఒక రోజు, రోజున్నరలో మనకొస్తాయని తాతయ్య లెక్క. భద్రాచలం 60 దాటిందన్నప్పుడు మావయ్యని పిలిచి, గొడ్లని మెరకకి తోలమన్నాడు. 70 దాటిందన్నప్పుడు ఏమీ మాట్లాడలేదు. చివరికి అక్కడ 75.6 అడుగులు వచ్చింది. ధవళేశ్వరం దగ్గర 35 లక్షల క్యూసెక్కులకు పైగా కిందికి వదిలారు. మూడో హెచ్చరిక ఇచ్చేది 17 లక్షల దగ్గర. అంటే దానికి రెట్టింపు.

మా ఇల్లు గట్టుకి లోపల. గట్టుకి బయట, ఏటి మధ్యలో ఉన్న లంక జనానికి ఏ అడ్డూ లేదు. గురువారం సాయంత్రం నుంచి నావల మీద రావడం మొదలుపెట్టారు. గట్టు పొడవునా చాపలు, బొంతలు, గొడ్లు, కోళ్ళ గంపలు, పిల్లలు. పొయ్యి రాళ్ళు కూడా తెచ్చుకున్నారు కొందరు. తలుపు రెక్కలు ఊడదీసుకుని తెచ్చుకున్నవాళ్ళూ ఉన్నారు. ఏరు తీసుకుపోతే మళ్ళీ తలుపు చేయించుకోవాలంటే మాటలా? అవతలి ఒడ్డు కనబడడం లేదు. ఏటి మీద గడ్డివాములు నిలువునా తేలుతూ పోతున్నాయి. ఒక గడ్డివాము మీద కుక్క ఉంది. అరవకుండా కూర్చుని మా వైపే చూస్తూ వెళ్ళిపోయింది.

శుక్రవారం పొద్దున్న అమ్మమ్మ వ్రతం మానలేదు. "అమ్మవారు పీట మీద కూర్చున్నాక వరదొచ్చిందని లేపుతామా?" అంది. కథ చెప్పుకుంటున్నంతసేపూ బయట ఏటి హోరు. పూజ అయ్యాక వాయనాల వేళకి ఇంటికొచ్చే పేరంటాళ్ళెవరూ లేరు. అందరి ఇళ్ళలోనూ మగవాళ్ళు గట్టు మీద ఇసుక బస్తాలు మోస్తుంటే ఆడవాళ్ళు గిన్నెలు సర్దుకుంటున్నారు. అమ్మమ్మ నానబెట్టిన శనగలు పెద్ద బిందెలో పోసి, తమలపాకులు, అరటిపళ్ళు, పసుపు కుంకుమ పళ్ళెంలో పెట్టుకుని, అమ్మని, అత్తయ్యని తీసుకుని వానలో గట్టెక్కింది. గొడుగు నేను పట్టుకున్నాను. లంక ఆడవాళ్ళు చాపల మీంచి లేచి నిలబడ్డారు. చాలామందికి కట్టుకున్న చీర తప్ప ఇంకోటి లేదు. అమ్మమ్మ వరసగా ఒక్కొక్కరి కాళ్ళకీ పసుపు రాసింది. బురద కాళ్ళు. బురద ఒక్కచేత్తో తుడిచి, ఇంకో చేత్తో పసుపు రాసింది. బొట్టు పెట్టి, కొంగు పట్టించి, దోసెడు శనగలు పోసింది. ఎవరు ఏ ఇంటివాళ్ళో, ఏ కులంవాళ్ళో అడగలేదు. మామూలు రోజుల్లో అవన్నీ చూసుకునే మనిషే అమ్మమ్మ. ఆ మాట దాచను. ఆ రోజు మాత్రం చూడలేదు. ఒకావిడ కొంగులో శనగలు పట్టుకుని, "మా ఇల్లు పోయిందండి అమ్మగారూ" అంది. అమ్మమ్మ మాట్లాడకుండా ఆవిడ చెయ్యి పట్టుకుని కాసేపు అలాగే నిలబడింది. పిల్లలు శనగలు అక్కడికక్కడే తినేశారు.

గట్టు మీంచి ఏట్లోకి రాతిమెట్లుండేవి, పద్నాలుగు. తాతయ్య ఆ రాత్రీ, మర్నాడు రాత్రీ లాంతరు పట్టుకుని ఆ మెట్ల మీదే కూర్చున్నాడు. నీళ్ళు ఒక మెట్టు ముంచితే ఆయన ఒక మెట్టు పైకి జరిగేవాడు. ఆయనకి ఇంకో బెంగ ఉంది. పౌర్ణమి నాలుగు రోజుల్లో ఉంది. పౌర్ణమికి సముద్రం పోటు మీదుంటుంది, ఏటి నీళ్ళు లోపలికి తీసుకోదు. "సముద్రం తీసుకోటం లేదురా" అని మావయ్యతో అంటుంటే విన్నాను. సముద్రం మనుషుల్లాగా తీసుకోవడం, తీసుకోకపోవడం ఏమిటో అప్పుడు అర్థం కాలేదు. గట్టుకి లోపలి వైపు ఊట పడితే మావయ్యావాళ్ళు పరిగెత్తి బస్తాలు వేశారు. ఎగువన ఎక్కడో గండి పడిందని ఒక కబురు, కాదని ఇంకో కబురు. నీళ్ళు పన్నెండో మెట్టు ముంచి, పదమూడో మెట్టు అంచు తాకి ఆగాయి. ఎంతసేపు చూసినా పైకి రాలేదు. తెల్లవారుజామున తాతయ్య ఇంట్లోకొచ్చి, "తీస్తోంది" అన్నాడు. అంతే అన్నాడు. అమ్మమ్మ దేవుడి మందిరం ముందు కూలబడి ఏడ్చింది.

వరద తీశాక తాతయ్య ఆ మెట్టు అంచున ఎర్ర రంగుతో గీత గీసి, పక్కన 86 అని రాశాడు. మా ఊరు మిగిలింది గానీ చాలా ఊళ్ళు మిగల్లేదు. లంకలో మామిడిచెట్టు కొమ్మల్లో నెలల తరబడి గడ్డి వేలాడుతూనే ఉంది. ఎంత ఎత్తు నీళ్ళొచ్చాయో అవే చెప్పేవి.

ఆ తర్వాత పదేళ్ళకి గాలి వంతు. అంతకుముందు 1995 జనవరిలో పాశర్లపూడి దగ్గర గ్యాస్ బావి అంటుకుని 65 రోజులు మండింది. మా ఊరి నుంచి చూస్తే రాత్రిపూట ఆకాశం ఆ మూల ఎర్రగా ఉండేదట. నేను అప్పుడు హైదరాబాదులో చదువుకుంటున్నాను. 1996 నవంబరు 6 రాత్రి తుఫాను వచ్చినప్పుడూ అక్కడే ఉన్నాను. దీపావళికి నాలుగు రోజుల ముందు. ఫోన్లు లేవు, రైళ్ళు లేవు. మూడో రోజుకి చేరాను. రేవు దిగి చూస్తే ఊరు ఏదో పోల్చుకోలేకపోయాను. కొబ్బరి తోటల మధ్య ఉండే ఊరు కదా, ఇళ్ళెప్పుడూ దూరానికి కనబడేవి కావు. ఆ రోజు ప్రతి ఇల్లూ కనబడుతోంది. చెట్లు ఒకే వైపుకి, దువ్వినట్టు పడున్నాయి. తాతయ్య తోటలో తిరుగుతూ పడిన ప్రతి చెట్టు మీదా చెయ్యి వేస్తున్నాడు. ఆయన పెట్టినవే అన్నీ. కొబ్బరి మొక్క కాపుకి రావాలంటే ఆరేడేళ్ళు. ఆయనకి డెబ్భై అయిదు దాటాయి. మర్నాడు అంబాజీపేట వెళ్ళి మొక్కలు తెమ్మని మావయ్యకి డబ్బులిచ్చాడు. వాటి కాయ ఆయన తినలేదు. మేం తిన్నాం. భైరవపాలెం, బలుసుతిప్ప నుంచి సముద్రం మీద చేపల వేటకెళ్ళి తిరిగిరానివాళ్ళ ఇళ్ళ సంగతి తలుచుకుంటే మా చెట్ల గురించి ఇంతసేపు చెప్పడానికి నోరు రాదు.

తర్వాత యానాం–యెదుర్లంక వంతెన వచ్చింది. 2002 మార్చిలో హెలికాప్టర్ ప్రమాదంలో పోయిన లోక్‌సభ స్పీకర్ బాలయోగి గారి పేరు దానికి పెట్టారు, ఆయన సొంతూరు ఆ యెదుర్లంకే. ఇప్పుడు కాకినాడ నుంచి యానాం మీదుగా కారులో కోనసీమలో దిగడానికి అట్టే సేపు పట్టదు. 1928లో వేసి, యుద్ధం కోసమని 1940లో పట్టాలు పీకేసిన కాకినాడ–కోటిపల్లి రైలు కూడా 2004లో మళ్ళీ వచ్చింది. పురుడొచ్చిన మనిషిని రేవులో పంటు కోసం కూర్చోబెట్టాల్సిన అవసరం పోయింది. మా పెద్దమ్మకి ఒక కాన్పు ఆ రేవులోనే అయింది, బిడ్డ దక్కలేదు. అందుకని వంతెన వద్దని నేను ఎన్నడూ అనను. రేవు మీద ప్రేమ వేరు, ఆ బిడ్డ వేరు.

జిల్లా మాట కూడా చెప్పాలి. 1859లో గోదావరి జిల్లా అయింది. 1925లో తూర్పు గోదావరి, పశ్చిమ గోదావరి అయ్యాయి. నేను పుట్టి పెరిగింది తూర్పు గోదావరిలో. ఉత్తరం మీద 'తూ.గో.జిల్లా' అని రాస్తే చాలు, అమ్మానాన్నలకి, అమ్మమ్మా తాతయ్యలకి ఒకటే చిరునామా. 2022 ఏప్రిల్ 4న కొండల వైపు ఏజెన్సీ అల్లూరి సీతారామరాజు జిల్లాలోకి పోగా, మిగిలింది మూడైంది. కాకినాడ ఒక జిల్లా, అమలాపురం కేంద్రంగా కోనసీమ ఒక జిల్లా, రాజమహేంద్రవరం కేంద్రంగా తూర్పు గోదావరి. ఏటికి పడమటి ఒడ్డున ఉన్న కొవ్వూరు తూర్పు గోదావరిలోకి వచ్చింది. తూర్పు గోదావరికి సముద్రం లేకుండా పోయింది. కోటిపల్లి, ద్రాక్షారామం కోనసీమ జిల్లాలో చేరాయి. తాతయ్య ఉంటే గొడుగు మొనతో మళ్ళీ మొదట్నుంచి గీయాల్సి వచ్చేది. ఏరు దాటితేనే కోనసీమ అని నమ్మిన మా అమ్మ, "అయితే బస్సు దిగిన ఒడ్డు కూడా మనదేనన్నమాట" అని రెండుసార్లు అడిగింది. అవునన్నాను. సంతోషించిందో, బెంగపడిందో తెలియలేదు.

ఆ ఏడాదే జూలైలో వరద. భద్రాచలంలో 71 అడుగులు దాటిందని టీవీలో చూసిన దగ్గర్నుంచి అమ్మ హైదరాబాదులో మా ఇంట్లో కుదురుగా కూర్చోలేదు. ధవళేశ్వరంలో 25 లక్షలు దాటిందన్నారు. "రోజున్నర, రోజున్నర" అని తనలో తనే లెక్కపెట్టుకుంటోంది. మా ఊరి దగ్గర ఇప్పుడు గట్టు ఎత్తు పెంచారు. పాత రాతిమెట్ల మీద సిమెంటు మెట్లు నాలుగు కలిశాయి. ఆ సంగతి చెప్పినా వినదు. మావయ్యకి డెబ్భై. ఆ రాత్రి టార్చి పట్టుకుని ఆయనే వెళ్ళి మెట్ల మీద కూర్చున్నాడు. పదకొండున్నరకి ఫోను చేశాడు. వెనక ఏటి హోరులో సగం మాటలు వినబడలేదు. స్పీకర్ పెట్టి అమ్మ దగ్గర పట్టుకున్నాను.

"అక్కా, నాన్నగారి గీతకి ఇంకా మూడు మెట్లుంది. ఇందాకట్నుంచి అక్కడే నిలబడింది. పడుకో."

అమ్మ మంచినీళ్ళు తాగి, లైటు తీసేసి పడుకుంది.